మనకై నిలిపిన చోటు

ఖిలా వరంగల్లును చూడ వచ్చువారికి మొదట మట్టికోట కనబడును. దానిని దాటి లోనికి పోయినచో రాతికోట. ఈ గోడల నడుమ నేటికిని పొలములున్నవి, ఇండ్లున్నవి. కాకతీయుల నాటి రాళ్ల ప్రక్కనే నేటి జనులు కాపురము చేయుచున్నారు. కోట నడిబొడ్డున, స్వయంభూ దేవాలయ శిథిలములకు నాలుగు దిక్కుల నాలుగు కీర్తి తోరణములు నిలిచియున్నవి. తెలంగాణ రాష్ట్ర చిహ్నమునందు కనబడు తోరణ మిదియే. దీనిని చూడగోరు పెద్దలు పురావస్తు శాఖవారి టిక్కెట్టు కొనవలెను. పదునైదేండ్లలోపు పిల్లలకు టిక్కెట్టు అక్కరలేదు. ఆ టిక్కెట్టును ద్వారమువద్ద కొనవచ్చును. ఇంటనుండియే ఫోనులో కొని రావచ్చును.

కోట టిక్కెట్టు చిన్న విషయము. ఎందరు వచ్చినను కోటలో చోటు చాలును. కాని చోటు కొద్దిగను, కోరువారు పెక్కురుగను ఉన్న సందర్భములు వేరు. రైలులో బెర్తు, బస్సులో సీటు, యాత్రాస్థలమున గది, తిరుమలలో దర్శనము, క్రికెట్టు మైదానమున ఒక కుర్చీ – ఇవన్నియు నేడు ఇంటర్నెట్టు ద్వారా ముందుగా నిశ్చయించుకొనబడుచున్నవి. సొమ్ము చెల్లించిన క్షణముననే ఫోనుపై ఒక సంఖ్య వచ్చును. చెల్లించినవాడు ‘నాకు చోటు దొరికినది’ అని సంతోషించును. అయితే ఆ క్షణమున వానికి నిజముగా దొరికిన దేమి? రైలింకను రాలేదు. గది తలుపింకను తెరవలేదు. ఆట యింకను మొదలు కాలేదు. వానికి దొరికినది చోటు కాదు; మాట. ‘ఆ దినమున, ఆ వేళకు, ఈ చోటు నీకై నిలిపియుంచెదము’ అను మాట. రిజర్వేషను అనగా ఇంతే. యంత్రమెంత గొప్పదైనను అది ఈ మాటను వ్రాసిపెట్టు పుస్తకము మాత్రమే. మాట నిలుచుటయు, తప్పుటయు మనుష్యుల చేతిలోని పని.

ఈ సంగతి బోధపడుటకు పండుగనాడు బస్సుస్టాండునకు పోయి చూచిన చాలును. బస్సు ఆగీయాగకముందే కిటికీలలోనుండి చేరుమాళ్లు సీట్లపై పడుచుండును. ఈ ప్రాంతమున వానిని దస్తీలందురు. దస్తీ లేనివాడు సంచి వేయును. సంచియు లేనివాడు పిల్లవానినే కిటికీలోనుండి లోనికి దించును. దస్తీ పడిన సీటు వేసినవానిది. దీనికి చట్టము లేదు, రసీదు లేదు. అయినను తక్కినవారు చాలవరకు ఆ గుడ్డముక్కను మన్నింతురు. పరులు చెప్పిన మాటను మన్నించు గుణము జనులలో సహజముగనే కలదనుటకు ఇది నిదర్శనము.

కాని దస్తీ పద్ధతిలో ఒక పెద్ద లోపమున్నది. కిటికీవరకు పరుగెత్తగలవానికే దస్తీ ఉపయోగపడును. నెత్తిన మూటతో, చేత కఱ్ఱతో గంటముందుగా వచ్చి కూర్చున్న ముసలమ్మ కడపట ఎక్కి నిలుచుండవలసి వచ్చును. ‘ముందు వచ్చిన చెవులకంటె వెనుక వచ్చిన కొమ్ములు వాడి’ అని తెలుగువారి సామెత. రిజర్వేషను పద్ధతి కొమ్ముల బారినుండి చెవులను కాపాడుటకై పుట్టినది. ఎవరు ముందుగా అడిగిరో వారికే చోటు. బలముతో గాని, పలుకుబడితో గాని పని లేదు. ఇది దాని ధర్మము.

ఈ ధర్మమును నడపుట తొలినాళ్లలో సులభముగా లేదు. పూర్వము రైలు స్టేషనులలో పెద్ద పుస్తకములుండెడివి. ఒక్కొక్క బండికి, ఒక్కొక్క దినమునకు ఒక పుట. గుమాస్తా ప్రయాణికుని పేరు, వయస్సు చేతితో వ్రాసికొని బెర్తు నిచ్చెడివాడు. పుస్తకమున్న స్టేషనుకు పోయినవారికే చోటు. తిరుగు ప్రయాణమునకు చోటు కావలెనన్న ఆ యూరి స్టేషనునకు తంతి పంపి జవాబుకొరకు వేచియుండవలెను. వరసలో తెల్లవారుజామున నిలిచినవాడు మధ్యాహ్నమునకు కౌంటరు చేరి ‘నిండిపోయినవి’ అను మాట విని వెనుదిరుగుట సామాన్యము. పుస్తకము మూసియుండును గనుక నిజముగా నిండెనో లేదో వానికి తెలిసెడిది కాదు.

ఇట్టి చిక్కు మన దేశమునకే పరిమితము కాదు. అమెరికాలో విమాన సంస్థలు సైతము కాగితపు అట్టలపై చోట్ల లెక్క వ్రాసికొనెడివి. ఒక చోటు నిశ్చయించుటకు సగటున గంటన్నర పట్టెడిది. అమెరికన్ ఎయిర్‌లైన్స్, ఐ.బి.ఎం. సంస్థలు కలిసి ‘సేబర్’ అను కంప్యూటరు పద్ధతిని నిర్మించినవి. అది 1960లో ఆరంభమై, 1964 నాటికి ఆ సంస్థ లెక్కనంతయు వహించెను. గంటన్నర పని క్షణములలో ముగిసెను.

మన రైల్వేలలో కంప్యూటరు రిజర్వేషను 1985–86లో ఢిల్లీలో ఆరంభమయ్యెను. పిదప బొంబాయి, కలకత్తా, మద్రాసు, సికిందరాబాదులకు విస్తరించెను. కాని ఆ కేంద్రములు వేరువేరుగా నుండి, దేని లెక్క అదియే చూచుకొనెడివి. ఒక కౌంటరునుండి దేశములోని ఏ బండికైనను చోటు నియ్యగల నూతన పద్ధతి 1994లో మొట్టమొదట సికిందరాబాదునందే అమలులోనికి వచ్చినది. 1999 నాటికి అయిదు కేంద్రములును ఒక్కటిగా కలుపబడినవి. 2002లో ఇంటర్నెట్టు ద్వారా రైలు టిక్కెట్టు కొను సదుపాయము ఏర్పడెను. తొలుత ఇంటనుండి సొమ్ము చెల్లించినను కాగితపు టిక్కెట్టు కొరియరు ద్వారా ఇల్లు చేరువరకు ఆగవలసియుండెను. పిమ్మట ఆ కాగితము కూడ అవసరము లేకపోయెను. ఒకనాడు గుమాస్తా బల్లపై నున్న పుస్తకము నేడు ప్రతివాని అరచేతిలో తెరచుకొనినది.

ఆ పుస్తకము పనిచేయు తీరును విద్యార్థులు తెలిసికొనుట మంచిది. పాతరకపు స్లీపరు పెట్టెలో 72 బెర్తులు, కొత్తరకపు పెట్టెలో 80 బెర్తులు ఉండును. మిగిలినది ఒక్క బెర్తు అనుకొనుడు. వరంగల్లులో నొకరు, విజయవాడలో నొకరు ఒకే నిమిషమున దానిని కోరుదురు. యంత్రము ఇద్దరికిని ఒకే చోటు నమ్మరాదు. కాబట్టి ఇద్దరిలో ఎవరి కోరిక లిప్తకాలము ముందుగా చేరినదో వారి పేర ఆ బెర్తును వ్రాసి, రెండవవారిని వేచియుండువారి పట్టీలో చేర్చును. ప్రతి టిక్కెట్టునకును పది అంకెల సంఖ్య నొసగును. దీనినే పి.ఎన్.ఆర్. అందురు.

బెర్తులు నిండిన తరువాత కొందరికి ఆర్.ఏ.సి. అను మెట్టు దొరకును. అనగా నడవ ప్రక్కనున్న ఒక క్రింది బెర్తును ఇద్దరు పంచుకొని కూర్చుండి పోవుట. అదియు నిండినచో వెయిటింగు లిస్టు. బెర్తు దొరికినవాడు తన టిక్కెట్టును రద్దుచేసికొనిన వెంటనే ఆర్.ఏ.సి.లోని మొదటివానికి ఆ బెర్తు పోవును. వాడు విడిచిన కూర్చుండు చోటు వెయిటింగు లిస్టులోని మొదటివానికి దక్కును. ఇట్లు ఒకడు విడిచిన చోటు ఇద్దరిని ఒక్కొక్క మెట్టు పైకెక్కించును. బండి బయలుదేరుటకు కొన్ని గంటల ముందు ప్రయాణికుల చార్టు సిద్ధమగును. అప్పటికిని వెయిటింగు లిస్టులోనే మిగిలిపోయిన ఇంటర్నెట్టు టిక్కెట్టు తనంత తానే రద్దయి, సొమ్ము తిరిగి వచ్చును. ఆ టిక్కెట్టుతో రైలెక్కరాదు.

ఇంతవరకు యంత్రము పని. ఇక మనుష్యుల పని యేమో చూడవలెను. ఒక ఉదాహరణమును ఊహింపుడు.

ఖిలా వరంగల్లులో ఒక కూలివాడు తన తల్లిని వేలూరు వైద్యశాలకు తీసికొనిపోవలెను. వైద్యుడు చూచు దినము నెలముందే నిశ్చయమైనది. వరంగల్లునుండి కాట్పాడివరకు రైలులో రెండు చోట్లు కావలెను. ఎనిమిదవ తరగతి చదువుచున్న మనుమరాలు ఫోనులో టిక్కెట్టు తీసినది. వెయిటింగు లిస్టులో మూడు, నాలుగు సంఖ్యలు వచ్చినవి. ఆ పిల్ల ప్రతి ఉదయమును తెర చూచి చెప్పుచున్నది.

“నాయనమ్మా! ఇంకను మూడు, నాలుగే ఉన్నవి.”

“ముందున్నది ఇద్దరే గదా బిడ్డా! ఆ మాత్రము కదలక పోవునా?” అని ముసలమ్మ ధైర్యము చెప్పుచున్నది.

అదే నగరమున నలుగురు మిత్రులు ఒక వివాహమునకు పోదలచి, ఏ దినమున వీలగునో తెలియక, వరుసగా రెండు దినములకు టిక్కెట్లు తీసియుంచిరి. మొదటి దినమున ప్రయాణము లేదని వారికి వారము ముందే తెలిసినది. కాని వారు టిక్కెట్లను రద్దుచేయలేదు. రేపు చూతమని ఒకడు, వాడు చేయునని మరియొకడు ఊరకుండిరి. వారు దుర్మార్గులు కారు, మరచినవారు. ఆ మొదటి దినపు బండియే ముసలమ్మ బండి. ఆ నాలుగు బెర్తులు వారు విడిచియుండినచో ఆర్.ఏ.సి.లోని నలుగురు బెర్తులెక్కెడివారు. వెయిటింగు లిస్టులోని నలుగురు ఆర్.ఏ.సి.కి వచ్చెడివారు. మూడు, నాలుగు సంఖ్యలవారికి కూర్చుండుటకైనను చోటు దొరికెడిది. చార్టు సిద్ధమయ్యెను. వారికి చోటు రాలేదు. ఆ రాత్రి రైలులో ఖాళీగా మిగిలిన నాలుగు బెర్తులను టిక్కెట్టు పరీక్షకుడు అప్పటికే బండిలో నున్న ఆర్.ఏ.సి. వారికి ఇచ్చును. కాని ఇంట మిగిలిపోయిన ముసలమ్మకు అవి అందవు గదా! ఆమె టిక్కెట్టు సొమ్ము కొద్దిదినములలో తిరిగి వచ్చినది. వైద్యుని దినము తిరిగి రాలేదు.

ఈ మిత్రులను ప్రశ్నించినచో వారు చెప్పు సమాధానము సిద్ధముగా నున్నది: “మా సొమ్ముతో మేము కొన్న టిక్కెట్టు, పోకపోయినచో నష్టము మాదే.” వినుటకు ఇది న్యాయముగా తోచును. కాని సంతలో ఒకడు పండ్లు కొని పారవేసినచో మరునాడు మరికొన్ని పండ్లు వచ్చును. ఆ రాత్రి బండిలోని బెర్తు అట్టిది కాదు. బండి కదలినచో ఆ రాత్రి బెర్తు మరల రాదు. ఎంత సొమ్ము పోసినను అదే పెట్టెలో మరియొక బెర్తు మొలవదు. కాబట్టి చోటును పట్టియుంచి వాడుకొననివాడు తన సొమ్మును మాత్రమే కాక, తాను ఎన్నడును చూడని మరియొకని అవకాశమును గూడ పారవేయుచున్నాడు. ఎదుట నిలిచిన ముసలమ్మ సీటుమీద దస్తీ వేసి దిగిపోవుటకు ఆ మిత్రులు సిగ్గుపడుదురు. తెరపై ముసలమ్మ ముఖము కనబడదు. అందువలన సిగ్గు కలుగలేదు. భేదమింతే.

ఇది ఒకరిద్దరి అలవాటు కాదనుటకు రైల్వేవారి నిర్ణయమే సాక్ష్యము. మునుపు 120 దినముల ముందునుండియే రైలు టిక్కెట్టు తీసికొను వీలుండెను. 2024 నవంబరు 1వ తేదీనుండి దానిని 60 దినములకు తగ్గించిరి. అరువది దినములకు మించి ముందుగా తీసిన టిక్కెట్లలో నూటికి సుమారు 21 రద్దగుచున్నవనియు, నూటికి నాలుగైదుగురు రద్దును చేయరు, ప్రయాణమును చేయరనియు వారు ఆ సమయమున ప్రకటించిరి. నూటికి నాలుగైదు చిన్న లెక్కగా కనబడవచ్చును. ఎనుబది బెర్తుల పెట్టెలో అది మూడు నాలుగు బెర్తులు. ఖిలా వరంగల్లు ముసలమ్మకు కావలసినవి రెండే.

మరికొందరి తప్పు మరపు కాదు, దురాశ. ప్రయాణమునకు ముందుదినమున ఇచ్చు తత్కాల్ టిక్కెట్లను, తెరచిన నిమిషముననే మరబుద్ధితో చేజిక్కించుకొని హెచ్చు ధరకు అమ్మువారు వీరు. మనిషి తన పేరును ముద్రించుకొనుచుండగనే వారి యంత్రము పదిమంది పేరులను నింపివేయును. ఇది కొమ్ములు మరల మొలచుటయే. దీనిని అరికట్టుటకు 2025 జులై 1వ తేదీనుండి, ఆధార్‌తో తన్ను తాను నిరూపించుకొనినవారికే ఇంటర్నెట్టులో తత్కాల్ టిక్కెట్టు లభించునట్లును, మొదటి అరగంటలో ఏజెంట్లు టిక్కెట్లు తీయకుండునట్లును నియమము చేసిరి. నియమము మంచిదే. కాని దొంగ టిక్కెట్టు కొనువాడు లేనిదే అమ్మువాడుండడని కొనువారు గూడ గుర్తింపవలెను.

ఒకవైపు మాట సడలినచో రెండవవైపు మాటయు సడలును. టిక్కెట్టు తీసినవారిలో కొందరెట్లును రారని తెలిసికొని, ఉన్న చోట్లకంటె ఎక్కువ టిక్కెట్లు అమ్ము అలవాటు ప్రపంచమునందలి విమాన సంస్థలలో కలదు. అందరును వచ్చిననాడు కొందరికి చోటుండదు. అట్టివారికి వేరు విమానమునో, పరిహారమునో కల్పింపవలెనని మన దేశమున నియమమున్నది. అయినను న్యాయముగా టిక్కెట్టు కొని, వేళకు వచ్చి, ద్వారమువద్ద నిలిచిపోయినవాని దుఃఖమును పరిహారము పూర్తిగా తీర్చునా? రానివాడు చేసిన తప్పునకు వచ్చినవాడు శిక్ష అనుభవించుచున్నాడు.

మాట యిచ్చువారి బాధ్యత ఎంతటిదో తెలిసికొనుటకు ఖిలా వరంగల్లు చరిత్రయే తోడ్పడును. ఈ రాతికోటను నిర్మింప మొదలిడిన గణపతిదేవ చక్రవర్తి, 1244–45లో సముద్రతీరమునందలి మోటుపల్లి రేవున ఒక శాసనమును వేయించెను. అంతకుముందు గాలివానకు కొట్టుకొనివచ్చి ఒడ్డున పడిన ఓడలలోని సరకును రాజులు స్వాధీనము చేసికొనెడివారు. గణపతిదేవుడు ఆ యాచారమును మాన్పి, నిర్ణయించిన సుంకము తప్ప మరేమియు తీసికొనబోమని విదేశ వర్తకులకు అభయమొసగెను. అందుచేతనే దానికి అభయ శాసనమని పేరు వచ్చినది. ఆ మాటను ఆయన కొలువులో పలికి ఊరకుండలేదు. రాతిపై చెక్కించి, ఓడలు దిగు తావున, అందరు చదువునట్లు నిలిపెను. దూరమునుండి వచ్చువాడు ముందుగానే నమ్మదగిన మాట యుండవలెననియు, ఆ మాట బహిరంగముగా నుండవలెననియు ఓరుగల్లు ప్రభువు ఎరిగియుండెను.

నేటి ఇంటర్నెట్టు రిజర్వేషనునకు కావలసినదియు అదియే. టిక్కెట్టు ధర యెంత, రద్దుచేసినచో తిరిగివచ్చునది యెంత, ఎన్ని దినములలో వచ్చును అను సంగతులు చిన్న అక్షరములలో దాగియుండరాదు. సొమ్ము బ్యాంకునుండి పోయి టిక్కెట్టు రానప్పుడు ‘యంత్రము స్తంభించినది’ అను జవాబు చాలదు. యంత్రమునకు నోరు లేదు, సిగ్గును లేదు. దానిని నడపువారికి రెండును ఉండవలెను. ప్రజలనుండి సొమ్మును క్షణములో తీసికొనగల పద్ధతి దానిని తిరిగి యిచ్చుటకు వారములు గడపుట న్యాయము కాదు.

ఇంకొక ముఖ్యవిషయము కలదు. ఈ పుస్తకము అందరి అరచేతిలో తెరచుకొనినదని పైన చెప్పబడినది. నిజమునకు అందరి చేతిలో కాదు. చదువురానివారు, ఫోను లేనివారు, చూపు మందగించినవారు మన ఊళ్లలో ఎందరో కలరు. యంత్రము వచ్చినదను నెపమున కౌంటరు మూసివేసినచో వారి దారి మూసికొనిపోవును. అప్పుడు ‘ముందు వచ్చినవానికి ముందు’ అను ధర్మము ‘ఫోనున్నవానికి ముందు’ అని మారిపోవును. తిరుమలలో మూడువందల రూపాయల ప్రత్యేక ప్రవేశ దర్శనపు టిక్కెట్లను నెలల ముందుగనే ఇంటర్నెట్టులో విడుదల చేయుదురు. అయినను ఏ టిక్కెట్టును లేక కొండకు వచ్చిన భక్తునకు సర్వదర్శనము ఉచితముగా నున్నది. వేచియుండుట ఎక్కువ కావచ్చును. కాని దారి మూయబడలేదు. పద్ధతి యెంత నూతనమైనను ఇట్టి రెండవ వాకిలి తెరచియుండవలెను.

అన్నింటికిని రిజర్వేషను తగదనుటకు ఓరుగల్లు ప్రాంతముననే ఒక గొప్ప దృష్టాంతమున్నది. రెండేండ్ల కొకసారి మేడారమున సమ్మక్క–సారలమ్మ జాతర జరుగును. 2024లో ఫిబ్రవరి 21నుండి 24 వరకును, 2026లో జనవరి 28నుండి 31 వరకును జరిగినది. లక్షలాది జనులు జంపన్నవాగున స్నానముచేసి గద్దెలకు మ్రొక్కుదురు. వరంగల్లునుండి ప్రత్యేకముగా బస్సులు నడుచును. చెట్టుక్రింద వంట వండుకొని, దొరికిన నేలపై పండుకొని, ఎదుటివారికి కొంచెము జరిగి చోటిచ్చి జనులు ఆ దినములు గడుపుదురు. చోటు ముందుగా నిలుపుకొనుట ఒక నాగరికత. వచ్చినవానికి జరిగి చోటిచ్చుట అంతకంటె పాతదైన నాగరికత. మొదటిది నేర్చినవారు రెండవదానిని మరువరాదు.

ఎనిమిదవ తరగతి విద్యార్థులకు ఈ విషయముతో నేమి సంబంధమని కొందరు అడుగవచ్చును. నేడు పెక్కు ఇండ్లలో టిక్కెట్టు తీయునది పిల్లల వ్రేళ్లే. పెద్దలు ఊరి పేరు చెప్పుదురు. పిల్లలు తెరపై నొక్కుదురు. కాబట్టి వారి బాధ్యత చిన్నది కాదు. ప్రయాణికుని పేరు, వయస్సు గుర్తింపు కార్డులో నున్నట్లే వ్రాయవలెను. తేదీని రెండుసార్లు చూడవలెను. ముఖ్యముగా అర్ధరాత్రి దాటిన బండ్ల విషయమున చాలమంది పొరపడుచున్నారు. శనివారము రాత్రి పన్నెండు గంటల ఇరువది నిమిషములకు వచ్చు బండి అని వాడుకలో చెప్పుదురు. లెక్కకు అది ఆదివారపు బండి. శనివారపు తేదీతో టిక్కెట్టు తీసినవారు స్టేషను చేరునప్పటికి వారి బండి ముందురాత్రియే వెళ్లిపోయియుండును. ఫోనునకు వచ్చు రహస్య సంఖ్యను అడిగినవారికెల్ల చెప్పరాదు. నకిలీ తావులకు సొమ్ము పంపరాదు. ఇరుగుపొరుగువారికి టిక్కెట్టు తీసిపెట్టుట పుణ్యకార్యము; దానికి ప్రతిఫలము గోరుట, వారి సొమ్ము లెక్క వారికి చూపకుండుట తగదు.

వీటన్నిటికంటె ముఖ్యమైనది మరియొకటి. ప్రయాణము మానుకొనిన దినముననే టిక్కెట్టును రద్దుచేయవలెను. దానికి పట్టునది రెండు నిమిషములు. సొమ్ము కొంత తిరిగి వచ్చును, అది స్వలాభము. కాని ఆ రెండు నిమిషములలో వరుసలో నున్న వేరొకని పేరు పైకి జరుగును. వాడు ఎవడో తెలియదు. పరీక్షకు పోవు బాలుడో, ఉద్యోగమునకు పోవు యువకుడో, వైద్యునివద్దకు పోవు ముసలమ్మయో కావచ్చును. వాడును తనకు మేలు చేసినదెవరో ఎన్నడును ఎరుగడు. కృతజ్ఞత చెప్పుటకు వీలులేని మేలు గనుకనే అది నిజమైన మేలు.

ఆన్‌లైను రిజర్వేషను మన కాలపు మంచి సాధనములలో ఒకటి. అది పరుగెత్తలేనివానికి వరుసలో స్థానమిచ్చినది. మూసియున్న పుస్తకమును తెరచినది. పలుకుబడికి కొంత కళ్లెము వేసినది. దానిని నిందించి దస్తీల కాలమునకు మరలుట అవివేకము. అయితే చోటు కోరువాడు కావలసినంతే కోరవలెను. అక్కర తీరినచో వెంటనే విడువవలెను. చోటిచ్చువాడు ఇచ్చిన మాటను నిలుపవలెను. నిలుపలేనప్పుడు సొమ్మును ఆలస్యము లేక మరలింపవలెను. యంత్రము నెరుగనివానికి ఒక కౌంటరు తెరచియుంచవలెను.

ఖిలా వరంగల్లునందలి కీర్తి తోరణములకు తలుపులు లేవు. ఎవరు వచ్చినను వాని క్రిందుగా నడచి, చూచి, వెనుకవచ్చువారికి దారి విడిచి సాగిపోవుదురు. చోటును పట్టుకొని నిలిచిపోయినవాడు ఇతరులకు అడ్డమగును. చూచి కదలినవాడు దారి యగును. ఫోనులోని ఆ చిన్న తెరవద్దను ఈ మర్యాదయే వర్తించును.